ఎనిమిది నిమిషాల మంచు: బ్రిటిష్ రైల్వే ఆధునికీకరణను లఘుచిత్రాలు ఎలా చెప్పాయి

ప్రభుత్వ రంగ సంస్థల కోసం లఘుచిత్రాలు తీయడం నా వృత్తి. రోడ్లు, నీటి పథకాలు, విద్యుత్ కేంద్రాలు, రైళ్లు, పని ఏదైనా సరే, మొదటి సమావేశంలో వినిపించే కోరికలు దాదాపు ఒకటే. డ్రోన్ షాట్లు కావాలి. తెర మీద అంకెలు కదలాలి. పెద్దలు నాలుగు మాటలు మాట్లాడాలి. చివర్లో గంభీరమైన గొంతుతో భవిష్యత్తు గురించి ఒక వాక్యం రావాలి. ఇలా తయారైన సినిమాను ప్రారంభోత్సవం రోజున ఒకసారి చూపిస్తారు. ఆ తర్వాత దాన్ని అడిగేవారుండరు. దానికి ఖర్చయ్యేది ప్రజల డబ్బు. అది చెప్పాల్సిన పని వెనుక వేలమంది శ్రమ ఉంటుంది. ఆ రెండింటికీ న్యాయం జరగాలంటే ఎలా తీయాలన్న ప్రశ్న నన్ను చాలాకాలంగా వెంటాడుతోంది.

సమాధానం కోసం నేను మళ్లీ మళ్లీ వెళ్లేది ఒక పాత ఉదాహరణ దగ్గరికి. 1950, 60 దశకాల్లో బ్రిటన్ జాతీయ రైల్వే తన ఆధునికీకరణను జనానికి చెప్పడానికి సొంతంగా ఒక చిత్ర నిర్మాణ విభాగాన్ని నడిపింది. అందులోంచి గొప్ప సినిమాలు వచ్చాయి, పేలవమైనవీ వచ్చాయి. ఏవి నిలిచాయో, ఏవి పాతబడ్డాయో, ఎందుకో ఇప్పుడు స్పష్టంగా చూడవచ్చు. ఈ రంగంలో పనిచేసేవారికి అంతకంటే మంచి పాఠశాల నాకు కనబడలేదు.

ఏమి చెప్పాలి, ఎవరికి చెప్పాలి

1948 జనవరి 1న బ్రిటన్‌లోని నాలుగు పెద్ద ప్రైవేటు రైల్వే కంపెనీలు జాతీయమయ్యాయి. ప్రభుత్వం చేతికి వచ్చింది యుద్ధంలో అరిగిపోయిన వ్యవస్థ. ఆరేళ్లపాటు సైనికులను, ఆయుధాలను, బొగ్గును మోసిన పట్టాలకూ ఇంజిన్లకూ జరగాల్సిన మరమ్మతులు వాయిదా పడుతూ వచ్చాయి. 1952 అక్టోబరు 8న లండన్ శివారులోని హారో అండ్ వీల్డ్‌స్టోన్ స్టేషనులో, ఎర్ర సిగ్నల్ దాటి వచ్చిన ఒక రైలు ఆగి ఉన్న రైలును ఢీకొంది. ఆ శిథిలాలను ఎదురుగా వచ్చిన మరో రైలు గుద్దింది. 112 మంది చనిపోయారు. ఇంజినులోనే డ్రైవరును హెచ్చరించే పరికరాన్ని అన్ని ముఖ్యమార్గాల్లో అమర్చాలన్న వాదనకు ఆ ప్రమాదం తిరుగులేని బలాన్నిచ్చింది.

1955 జనవరిలో ఆధునికీకరణ ప్రణాళిక వెలువడింది. కాలవ్యవధి పదిహేనేళ్లు, అంచనా వ్యయం 124 కోట్ల పౌండ్లు. బొగ్గు ఇంజిన్ల స్థానంలో డీజిల్, విద్యుత్ ఇంజిన్లు వస్తాయి. చేతి లివర్లతో కదిలే రెక్కల సిగ్నళ్ల బదులు రంగు దీపాలు వెలుగుతాయి. పట్టాలను కొత్తగా వేస్తారు, గూడ్సు వ్యాగన్లన్నింటికీ ఇంజిన్ నుంచే వేయగల బ్రేకులు అమరుస్తారు, పెద్ద పెద్ద యార్డులు కడతారు, ఇంజిన్లలో హెచ్చరిక పరికరాలు పెడతారు. మరుసటి ఏడాది విద్యుదీకరణకు 25 కిలోవోల్టుల పద్ధతిని ఎంచుకున్నారు. ఫ్రాన్స్ అనుభవం చూసి బ్రిటన్ తీసుకున్న ఆ నిర్ణయాన్నే 1957లో ఫ్రెంచి రైల్వే సలహాతో మన రైల్వే కూడా తీసుకుంది. విజయవాడ మీదుగా వెళ్లే బండికైనా, లండన్ నుంచి మాంచెస్టర్ వెళ్లే బండికైనా తల మీది తీగలో నేటికీ ఉండే వోల్టేజి అదే.

ఇంత పెద్ద మార్పును ఎవరికి చెప్పాలి? ఖర్చు భరించే పన్ను చెల్లింపుదారులకు చెప్పాలి. కారు కొనుక్కుని రైలుకు దూరమవుతున్న ప్రయాణికులకు చెప్పాలి. నా లెక్కలో వీరిద్దరికంటే ముందున్నది మూడో వర్గం. జాతీయం చేసిన నాటికి ఆ రైల్వేలో ఆరు లక్షలమందికి పైగా ఉద్యోగులు ఉన్నారు. బొగ్గు ఇంజినులో పారతో బొగ్గు వేసే ఫైర్‌మన్‌కు ఆధునికీకరణ అంటే తన పని పోవడం. సిగ్నల్ క్యాబిన్‌లో లివర్లు లాగే మనిషికీ అంతే. ఆధునికీకరణ గురించి సంతోషంగా మాట్లాడే ఏ సినిమానైనా ముందుగా, అందరికంటే సూక్ష్మంగా చూసేది వారే. నేటి సినిమాల ప్రణాళికా పత్రాల్లో ఈ వర్గం ప్రస్తావన తరచుగా ఒక్క వాక్యానికి మించదు. అది చాలా పెద్ద లోపమని నా అభిప్రాయం.

ఆన్‌స్టీ విభాగం

బ్రిటిష్ ట్రాన్స్‌పోర్ట్ ఫిల్మ్స్ 1949లో మొదలైంది. దాన్ని స్థాపించి 1974 వరకు నడిపింది ఎడ్గర్ ఆన్‌స్టీ. ఆయన డాక్యుమెంటరీ ఉద్యమానికి మూలపురుషుడైన జాన్ గ్రియర్సన్ దగ్గర పని నేర్చుకున్నవాడు. 1935లోనే లండన్ మురికివాడల ప్రజలను కెమెరా ముందు నిలబెట్టి, వారి కష్టాలను వారి నోటితోనే చెప్పించిన చిత్రానికి సహదర్శకుడు. గ్రియర్సన్ బృందం నుంచి 1936లో వచ్చిన 'నైట్ మెయిల్' తపాలా రైలును చూపించింది. ప్రచారం కోసం తీసిన చిత్రం కళగా కూడా నిలుస్తుందని అది అప్పటికే నిరూపించింది. అంటే ఆన్‌స్టీ రైల్వేకు వచ్చేటప్పుడు ఒక సంప్రదాయాన్ని వెంటతెచ్చుకున్నాడు.

ఈ విభాగం చేసిన పనిలో చాలా భాగం బయటి ప్రేక్షకులు చూడనిది. సిబ్బందికి శిక్షణ చిత్రాలు తీశారు. ఒకే లైను మీద రెండు దిశల బండ్లను నడపాల్సి వచ్చినప్పుడు పాటించే నియమాల మీద, డీజిల్ ఇంజిను నేర్చుకునే డ్రైవర్ల కోసం, ఇలా ఎన్నో. ఇంకోవైపు ఊళ్లు, సముద్ర తీరాలు, కొండలు చూపించే యాత్రా చిత్రాలు తీశారు. రైలెక్కి అక్కడికి వెళ్లాలన్న కోరిక కలిగించడమే వాటి పని. ఈ రెంటి మధ్యలో ఆధునికీకరణ చిత్రాలు ఉండేవి. సినిమా హాళ్లలో ప్రధాన చిత్రానికి ముందు వేయడానికి 35 మిల్లీమీటర్ల ప్రతులు వెళ్లేవి. పాఠశాలలు, క్లబ్బులు, సంఘాలు తెప్పించుకుని వేసుకోవడానికి 16 మిల్లీమీటర్ల ప్రతులతో ఒక అద్దె గ్రంథాలయం ఉండేది.

ఈ పంపిణీ ఏర్పాటును తక్కువగా చూడకూడదు. మన ఫిల్మ్స్ డివిజన్ 1948లో మొదలైంది. హాల్లో అసలు సినిమాకు ముందు దాని చిత్రాలు చూస్తూ పెరిగిన తరాలు మనకూ ఉన్నాయి. ప్రేక్షకులు ఎక్కడ కూర్చుని ఉంటారో ముందే తెలిసినప్పుడు దర్శకుడికి ధైర్యం వస్తుంది. మొదటి మూడు సెకన్లలోనే కట్టిపడేయాలన్న ఆత్రుత ఉండదు. నెమ్మదిగా మొదలుపెట్టవచ్చు. దీని విలువ తర్వాత చెప్పబోయే చిత్రంలో కనిపిస్తుంది.

సొంత విభాగం కావడంతో వచ్చిన మరో లాభం పట్టాల మీదికి అనుమతి. బయటి బృందం పట్టాల పక్కన కెమెరా పెట్టాలంటే ఎన్ని సంతకాలు కావాలో ఈ పని చేసినవారికి తెలుసు. రైల్వే నియమాలు తెలిసి, ఏ బండి ఎప్పుడు వస్తుందో తెలిసి, ట్రాక్ సిబ్బందితో పేరు పెట్టి పలకరించే పరిచయం ఉన్న కెమెరామన్‌కు దొరికే షాట్లు వేరు.

యంత్రాన్ని చూపిన సినిమాలు

1960లో బ్రిటిష్ రైల్వే 'బ్లూ పుల్‌మన్' పేరుతో కొత్త డీజిల్ రైళ్లను ప్రవేశపెట్టింది. నీలి రంగు, ఏసీ పెట్టెలు, సీటు దగ్గరికే భోజనం. ఆ రైలు రూపకల్పన, పరీక్షలు, మొదటి పరుగు చూపిస్తూ అదే పేరుతో ఒక చిత్రం తీశారు. పనితనంలో వంక పెట్టలేం, ఫ్రేములు శుభ్రంగా ఉంటాయి. 1962లో ఇంకో సరదా ప్రయత్నం జరిగింది. అదే రకం రైలు ముందు నుంచి లండన్–బర్మింగ్‌హామ్ ప్రయాణాన్ని చిత్రించి, వేగం విపరీతంగా పెంచి, కొన్ని నిమిషాల్లో ముగించారు. అది చూస్తుంటే పిల్లలు కేరింతలు కొట్టి ఉంటారు.

కానీ ఆ రైలు నిజ జీవితంలో కుదుపులకు పేరు పడింది. 1973లో సేవల నుంచి తప్పించారు. యంత్రం పోగానే దాన్ని పొగిడిన సినిమా కూడా మ్యూజియం వస్తువైంది. ఇప్పుడు దాన్ని చూసేది రైళ్ల అభిమానులే.

ఇక్కడ చిక్కు అందం గురించి కాదు. మెత్తని సీటును తెర మీద చూపించడమంటే ప్రేక్షకుడికి ఒక హామీ ఇవ్వడం. అతను మరునాడే టికెట్టు కొని ఎక్కి ఆ హామీని పరీక్షిస్తాడు. కాఫీ ఒలికితే సినిమా మీద, ఆ తర్వాత సంస్థ మీద నమ్మకం పోతుంది. కొత్త రైలు గురించి సినిమా తీసేటప్పుడు నేను ముందుగా అడిగేది ఒకటే: ఈ షాట్‌లో చూపించినది సామాన్య ప్రయాణికుడికి సామాన్యమైన రోజున దొరుకుతుందా? దొరకనిది ఎంత బాగా వచ్చినా ఎడిటింగ్ బల్ల మీదే ఆగిపోవాలి.

ఇంకొక విచిత్రం. ఈ విభాగం తీసిన చిత్రాల్లో జనం బాగా ఇష్టపడినవాటిలో 1954 నాటి 'ఎలిజబెతన్ ఎక్స్‌ప్రెస్' ఒకటి. లండన్ నుంచి ఎడిన్‌బరోకు ఎక్కడా ఆగకుండా ఆరున్నర గంటల్లో వెళ్లే బండిని, దాన్ని లాగే ఆవిరి ఇంజిన్‌ను, ఆ ఇంజిన్‌ను నడిపే మనుషులను అది ప్రేమగా చూపింది. ఏడాది తిరగకుండానే వచ్చిన ప్రణాళిక ఆ ఇంజిన్లన్నింటినీ పక్కన పెట్టబోతున్నట్టు ప్రకటించింది. రైల్వే తన సినిమాలతో జనంలో పెంచిన ప్రేమ రైల్వే తొలగించబోయే వస్తువు మీదే ఉంది. ఆధునికీకరణ చిత్రాలన్నీ ఈ నీడలోనే తీయాల్సి వచ్చింది.

'స్నో': ఈ కథకు గుండెకాయ

జెఫ్రీ జోన్స్ రైల్వే ఉద్యోగి కాదు. రైల్వే రూపురేఖలు, డిజైన్ మీద ఒక చిత్రం తీయడానికి బయటి నుంచి వచ్చిన దర్శకుడు. దాని కోసం పరిశోధన చేస్తుండగా 1962–63 శీతాకాలం వచ్చింది. ఆ శతాబ్దంలో బ్రిటన్ చూసిన అతి కఠినమైన చలికాలాల్లో అది ఒకటి. డిసెంబరు చివర కురిసిన మంచు చాలాచోట్ల మార్చి వరకు కరగలేదు. జోన్స్ కంటికి ఒక దృశ్యం కనబడింది. బయట మంచులో, బండిని ఒక దారి నుంచి మరో దారికి మళ్లించే పాయింట్ల మధ్య పారలతో తవ్వుతున్న కార్మికులు, వారి పక్క నుంచే వెళ్లే పెట్టెల్లో వెచ్చగా కూర్చుని భోజనం చేస్తున్న ప్రయాణికులు. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి చిన్న చిత్రం తీస్తానన్నాడు. ఆన్‌స్టీ ఒప్పుకున్నాడు.

ఆ ఒప్పుకోవడం గురించి ఆగి ఆలోచించాలి. మంచు కురిసినప్పుడు బండ్లు ఆలస్యమవుతాయి, ప్రయాణికులు తిట్టుకుంటారు. ఏ సంస్థ ప్రచార విభాగమైనా దాచాలనుకునే సమయం అది. మంచు కరగకముందే కెమెరా పట్టాల దగ్గర ఉండాలి, అంటే స్క్రిప్టు రాసి, కమిటీలకు పంపి, సవరణలు చేసి, మళ్లీ పంపే వ్యవధి లేదు. నమ్మకమైన నిర్మాత, అతని మాట చెల్లే సంస్థ ఉంటేనే ఇలాంటి సినిమా పుడుతుంది. ఛాయాగ్రహణం వుల్ఫ్‌గాంగ్ సుషిట్జ్‌కీది.

'స్నో' నిడివి సుమారు ఎనిమిది నిమిషాలు. వ్యాఖ్యానం లేదు. ఒక్క అంకె లేదు. ఎవరూ కెమెరాతో మాట్లాడరు. మొదట్లో అంతా నెమ్మది. మంచు కప్పిన పట్టాలు, పారలు, చేతులు, ఊపిరి ఆవిరి. పాయింటు నాలుకకూ పట్టాకూ మధ్య ఇరుక్కున్న మంచును మనిషి చేత్తో తీస్తేనే బండి సరైన దారిలోకి మళ్లుతుంది. ఆ పని అక్కడ కనిపిస్తుంది, ఎందుకు చేస్తున్నారో చెప్పే గొంతు వినిపించదు. అయినా అర్థమవుతుంది. తర్వాత బండ్లు కదులుతాయి. మంచును చీల్చే నాగలి వస్తుంది. బొగ్గు ఇంజిన్లు, డీజిల్ ఇంజిన్లు ఒకదాని వెంట ఒకటి. కిటికీ లోపల వెచ్చదనం, బయట తెలుపు. షాట్ల నిడివి తగ్గుతూ పోతుంది. చివరికి తెర మీద వేగం తప్ప మరేమీ మిగలదు.

ఈ నిర్మాణమంతా సంగీతం మీద నిలబడింది. అమెరికన్ డ్రమ్మర్ శాండీ నెల్సన్ 1959లో వినిపించిన ఒక డ్రమ్ బాణీని తీసుకుని, జానీ హాక్స్‌వర్త్ చేత కొత్తగా వాయింపించి రికార్డు చేయించారు. మొదట చాలా నెమ్మదిగా మొదలై, క్రమంగా వేగం పెంచుకుంటూ, అసలు నిడివికి రెట్టింపు సాగేలా మలిచారు. ఎలక్ట్రానిక్ ధ్వనులు తయారుచేసే బీబీసీ విభాగం 'రేడియోఫోనిక్ వర్క్‌షాప్' స్థాపకుల్లో ఒకరైన డాఫ్నీ ఓరమ్ ఆ ధ్వనిని ఎలక్ట్రానిక్ పద్ధతుల్లో సానపట్టారు. బొమ్మలు తీసి వాటి కింద సంగీతం పరిచినట్టు ఎక్కడా ఉండదు. ప్రతి కోత తాళంలో పడుతుంది. పార మంచులో దిగడం, చక్రం జాయింటు దాటడం, స్తంభం కిటికీ ముందు మెరవడం, అన్నీ దరువులే.

ఎడిటింగ్ చేసేవారు ఇందులో ఒక విషయం గమనించాలి. సంగీతంలో వేగం పెరిగే కొద్దీ సినిమాలో వాదన కూడా ముందుకు నడుస్తుంది. మొదటి భాగంలో నెమ్మది మనుషులది, చివరి భాగంలో వేగం యంత్రాలది. ఆ వేగం ఈ మనుషుల పని వల్లనే సాధ్యమైందని వరుస క్రమమే చెబుతుంది. ఇదే విషయాన్ని ఒక గొంతుతో చెప్పిస్తే కార్మికులకు ధన్యవాదాలు తెలిపే మర్యాద వాక్యంగా మిగిలేది. క్రమంతో చెప్పడం వల్ల అది ప్రేక్షకుడు తానే కనిపెట్టిన నిజమవుతుంది.

ఈ చిత్రంలో పాతకూ కొత్తకూ పోటీ పెట్టలేదు. బొగ్గు ఇంజినూ మంచును ఎదుర్కొంటుంది, డీజిల్ ఇంజినూ ఎదుర్కొంటుంది. ఆధునికీకరణ అన్న మాట ఎక్కడా రాదు. కానీ చూసినవారికి మిగిలే భావన మాత్రం ఈ సంస్థ పని చేస్తోందన్నదే. నష్టాల గురించి పత్రికలు రోజూ రాస్తున్న కాలంలో రైల్వేకు అత్యవసరంగా కావాల్సింది ఆ భావనే. లైవ్ యాక్షన్ లఘుచిత్రాల విభాగంలో 'స్నో' ఆస్కార్ నామినేషన్ పొందింది. నేటికీ సినిమా పాఠశాలల్లో దాన్ని వేస్తారు.

అదే శీతాకాలం, మరో సినిమా

1963 మార్చి 27న, మంచు కరిగిన కొద్ది వారాలకే, రైల్వే బోర్డు అధ్యక్షుడు రిచర్డ్ బీచింగ్ నివేదిక వచ్చింది. 2,363 స్టేషన్లు, సుమారు 5,000 మైళ్ల మార్గం మూసేయాలని సిఫార్సు చేసింది. దాన్ని వివరించడానికీ ఇదే విభాగం ఒక చిత్రం తీసింది. అందులో బీచింగ్ స్వయంగా, పటాలతో, లెక్కలతో తన వాదన వినిపిస్తాడు. తర్కం బలంగానే ఉంటుంది. ఊరి స్టేషను మూతపడుతుందని విన్న మనిషికి ఆ తర్కం ఏ ఓదార్పూ ఇవ్వదు.

ఈ రెండు చిత్రాలనూ వెంటవెంటనే చూడమని నా దగ్గర పనిచేసే యువ దర్శకులకు చెబుతాను. ఒకే సంస్థ, ఒకే విభాగం, ఒకే ఏడాది. ఒకటి పని చూపింది, ఇంకొకటి ప్రణాళికను వివరించింది. ప్రణాళికను వివరించే చిత్రాలు అవసరం లేదని నేననను. అవి ప్రజాస్వామ్యంలో బాధ్యత. కానీ వాటి ఆయుష్షు ప్రణాళిక ఆయుష్షుకు మించదు. ప్రజల అభిమానం సంపాదించే బరువును వాటి మీద పెట్టకూడదు.

ఆ ప్రణాళిక కష్టాలు కూడా సినిమాలతో తీరేవి కావు. పరీక్షలు పూర్తికాకముందే అనేక కంపెనీలకు రకరకాల డీజిల్ ఇంజిన్ల ఆర్డర్లు ఇచ్చారు. వాటిలో కొన్ని రకాలు కొన్నేళ్లకే తుక్కుకు పోయాయి. సరుకు లారీలకు మళ్లుతున్న కాలంలో వ్యాగన్లను విడదీసి కూర్చే భారీ యార్డులు కట్టారు. 1960లో చివరి ఆవిరి ఇంజిన్ 'ఈవెనింగ్ స్టార్'ను తయారుచేసి, ఎనిమిదేళ్లకే, 1968 ఆగస్టులో, ప్రధాన మార్గాల మీద ఆవిరిని పూర్తిగా ఆపేశారు. ఇంకా దశాబ్దాల ఆయుష్షు ఉన్న ఇంజిన్లు తుక్కయ్యాయి. మంచి సినిమా తీస్తే చెడ్డ కొనుగోలు నిర్ణయం మంచిదైపోదు. క్లయింటుకు ఈ మాట మొదటి రోజే చెప్పేయడం మేలు.

'రైల్': పాత అందంతో పోటీ

జోన్స్ అసలు తీయాలనుకున్న చిత్రం చివరికి 1967లో 'రైల్' పేరుతో వచ్చింది. పదమూడు నిమిషాలు. ఇందులోనూ వ్యాఖ్యానం లేదు, సంగీతం విల్ఫ్రెడ్ జోసెఫ్స్‌ది. మొదటి సగంలో విక్టోరియా కాలపు స్టేషన్ల ఇనుప కమానులు, పొగ, ఆవిరి, మసి. రెండో సగంలో విద్యుత్ తీగలు, నిటారు గీతలు, శుభ్రమైన రంగులు. ఈ మధ్యలో లోకం మారింది. 1965లో రైల్వే కొత్త గుర్తింపు తీసుకొచ్చింది. జెరాల్డ్ బార్నీ గీసిన జంట బాణాల చిహ్నం నేటికీ బ్రిటన్ స్టేషన్ల మీద ఉంది. 1966 ఏప్రిల్‌లో లండన్ యూస్టన్ నుంచి మాంచెస్టర్, లివర్‌పూల్ వరకు పూర్తి విద్యుత్ రైళ్లు మొదలయ్యాయి.

కెమెరాకు మాత్రం ఆవిరి ఇంజిన్ అంటే ఎక్కువ మమకారం. దాని పని దాని ఒంటి మీదే కనిపిస్తుంది: పిస్టన్ కదులుతుంది, నిప్పు మండుతుంది, పొగ లేస్తుంది. విద్యుత్ ఇంజిన్ తన పనినంతా పెట్టెలో దాచుకుంటుంది. ఆధునికీకరణ సినిమాకు ఇదే మూలమైన చిక్కు. కొత్తది మెరుగైనదే కావచ్చు, కానీ చూడటానికి ఏమీ ఉండదు. జోన్స్ దీన్ని ఎదుర్కొన్న తీరు నాకు నచ్చుతుంది. విద్యుత్ రైలును బయటి నుంచి చూపి వదిలేయలేదు. ఆ రైలు నుంచి లోకం ఎలా కనిపిస్తుందో చూపాడు. పరుగెత్తే స్తంభాలు, తీగల లయ, జారిపోయే పట్టాల గీతలు. అయినా సినిమా పూర్తయ్యాక ఎక్కువమంది మనసులో నిలిచేది మొదటి సగమే. సంస్థ ఆ నష్టాన్ని తెలిసే భరించింది, పాత ఇంజిన్‌ను అందవిహీనంగా చూపమని కోరలేదు.

ఎప్పుడూ అంత ఉదారంగా ఉన్నారని కాదు. 1952లో లండన్ ట్రాములు ఆగిపోయినప్పుడు చివరి రోజు వేడుకను మాత్రమే రికార్డు చేయమని జాన్ క్రిష్ అనే యువ దర్శకుడికి చెప్పారు. ఆయన ట్రాములకు వీడ్కోలుగా హృద్యమైన చిత్రం తీశాడు. చెప్పింది చేయనందుకు ఆన్‌స్టీ ఆయనను పంపించేశాడు. ఆ చిత్రం మాత్రం విభాగానికి బాగా పేరు తెచ్చిన వాటిలో ఒకటైంది. పోయేదానికి గౌరవంగా వీడ్కోలు చెప్పనివ్వకపోతే వచ్చేదాన్ని జనం మనసారా స్వాగతించరు. సంస్థలు ఇది గ్రహించడానికి సమయం పడుతుంది.

జాన్ ష్లెసింజర్ 1961లో లండన్‌లోని వాటర్లూ స్టేషను మీద తీసిన 'టెర్మినస్' గురించి కూడా ఒక మాట. ఒక్క రోజులో స్టేషనులో కనిపించే జనం, వీడ్కోళ్లు, సంకెళ్లతో వెళ్లే ఖైదీలు, తప్పిపోయి ఏడ్చే పిల్లవాడు. ఆ పిల్లవాడి ఘట్టం ముందే ఏర్పాటు చేసినది. నేడు మనం దానిపై అభ్యంతరం చెప్పాలి, నేను చెబుతాను. ప్రచార చిత్రంలో ఏడుస్తున్న పసివాడిని ఉండనిచ్చిన సంస్థ ధైర్యం మాత్రం గొప్పది. ఆ చిత్రం వెనిస్‌లో బహుమతి గెలిచింది. ఇక ఈ విభాగానికి వచ్చిన ఒకే ఒక ఆస్కార్ 1966 నాటి 'వైల్డ్ వింగ్స్'కు. అది నీటి పక్షుల గురించి! రైల్వే డబ్బుతో పక్షుల మీద సినిమా తీయగల విశాలత ఉన్నచోటే 'స్నో' లాంటిదీ సాధ్యమైంది.

మన పట్టాల మీద పెట్టి చూస్తే

ఈ పరిశీలనను మన దగ్గరి ఒక అంశానికి వర్తింపజేస్తే ఎలా ఉంటుందో చెబుతాను. బండ్లు ఢీకొనకుండా ఆపే 'కవచ్' వ్యవస్థ తొలి పరీక్షలు జరిగింది, మొదట పెద్ద ఎత్తున అమరింది సికింద్రాబాద్ కేంద్రంగా ఉన్న దక్షిణ మధ్య రైల్వేలోనే. పట్టాల మధ్య అమర్చిన చిన్న ట్యాగులను ఇంజిన్ చదువుకుంటూ తానెక్కడుందో తెలుసుకుంటుంది. స్టేషనులోని పరికరం సిగ్నల్ సమాచారాన్ని రేడియో ద్వారా పంపుతుంది. రాబోయే సిగ్నల్ రంగు లోకో పైలట్ ముందు తెర మీద కనిపిస్తుంది. ఎరుపు దాటబోతే బ్రేకులు వాటంతటవే పడతాయి. 2022 మార్చి 4న గుల్లగూడ, చిట్గిద్ద స్టేషన్ల మధ్య రైల్వే మంత్రి ఇంజిన్‌లో ఉండగా చేసిన పరీక్షలో, ఎదురుగా ఉన్న ఇంజిన్‌కు 380 మీటర్ల దూరంలో బండి ఆగింది.

హారో ప్రమాదం తర్వాత బ్రిటన్ తన ఇంజిన్లలో పెట్టిన హెచ్చరిక పరికరానికి ఇది ఎంతో మెరుగైన వారసురాలు. సినిమా దృష్టిలో మాత్రం విద్యుత్ ఇంజిన్‌కన్నా కష్టమైన వస్తువు. ఇది విజయవంతమైతే ఏమీ జరగదు. జరగని ప్రమాదాన్ని ఎలా చూపిస్తారు?

సాధారణంగా వచ్చే సలహా యానిమేషన్: రెండు బండ్లు ఎదురెదురుగా వస్తాయి, నీలి తరంగాలు వ్యాపిస్తాయి, ఆగుతాయి. దాన్ని శిక్షణ తరగతిలో వాడుకోవచ్చు. ప్రజల కోసమైతే నేను పొగమంచు కమ్మిన రాత్రిని ఎంచుకుంటాను. ఇంజిన్ క్యాబ్‌లో ఇద్దరు మనుషులు. అద్దం అవతల తెల్లదనం తప్ప ఏమీ లేదు. సిగ్నల్ రంగును ఒకరు పలుకుతారు, మరొకరు తిరిగి పలుకుతారు. ఈ పిలుపూ మారుపలుకూ మన రైల్వేలో రోజూ జరిగే పనే. దాని కంటే మంచి తాళం ఏ సంగీత దర్శకుడూ ఇవ్వలేడు. లోపల చిన్న తెర వెలుగుతుంది. అంతకు కొన్ని వారాల ముందు, ఎండలో, వంగి పట్టాల మధ్య ట్యాగు బిగిస్తున్న చేతులను ఆ రాత్రి షాట్లతో కలిపి కూరుస్తాను. గేటు దగ్గర ఈల దానంతటదే మోగుతుంది. బండి ఊరు చేరుతుంది. వ్యాఖ్యానం అవసరం లేదు. పెద్దల మాటలకు వేరే సినిమా తీయవచ్చు.

క్లయింటుకు ఇచ్చే ప్రతిపాదనలో నేను మూడు షరతులు రాస్తాను. నిజమైన సిబ్బంది నిజమైన విధుల్లో ఉండగా, వారి పనికి ఆటంకం కలగకుండా, వారి అంగీకారంతోనే చిత్రీకరణ జరగాలి. పరికరం అమరని మార్గంలో అమరినట్టు ఒక్క ఫ్రేము కూడా ఉండకూడదు. మొదటి ప్రదర్శన ఆడిటోరియంలో జరగకూడదు. లోకో పైలట్లు విధుల మధ్య విశ్రాంతి తీసుకునే రన్నింగ్ రూముల్లో, సిగ్నల్ మెయింటెయినర్ల డిపోల్లో జరగాలి. వారు తప్పు పట్టిన షాట్ మార్చాకే సినిమా బయటికి వెళ్లాలి. మొదటి రెండు షరతులకు సంస్థలు తొందరగానే ఒప్పుకుంటాయి. మూడో షరతు మీదే చర్చ ఎక్కువసేపు సాగుతుంది. బడ్జెట్‌లో ఆ ప్రదర్శనల ఖర్చు, ఆ తర్వాత ఎడిటింగ్‌కు పట్టే రోజులు ముందే విడిగా చూపిస్తే ఆ చర్చ తేలికవుతుంది.